ఆపరేటింగ్ సిస్టమ్ నేర్పే పుస్తకాలు

కంప్యూటర్‌లో గానీ ఫోన్‌లో గానీ ఒక ప్రోగ్రామ్ నడవాలంటే దానికి ప్రాసెసర్ కావాలి, మెమరీలో చోటు కావాలి, ఫైళ్లు దాచుకోవడానికి డిస్క్ కావాలి. ఒకే సమయంలో పదులు, వందల ప్రోగ్రాములు వీటినే అడుగుతుంటాయి. చెరువు నీటిని ఆయకట్టు పొలాలన్నిటికీ వంతులవారీగా వదిలే నీరటి ఊళ్లో చేసే పనిని యంత్రంలో ఆపరేటింగ్ సిస్టమ్ చేస్తుంది. ఎవరి వంతు ఎప్పుడు, అది ఎంతసేపు, ఒకరి మడిలోకి మరొకరు గండి కొట్టకుండా చూడటం ఎలా అన్నవన్నీ దాని బాధ్యతలే. విండోస్, లినక్స్, ఆండ్రాయిడ్, పేరు ఏదైనా పని ఇదే.

ఈ పని కంటికి కనిపించదు. ప్రోగ్రామింగ్ కొత్తగా నేర్చుకునే విద్యార్థి నాలుగు వరుసలు రాస్తే ఫలితం వెంటనే తెర మీద కనబడుతుంది. ఆపరేటింగ్ సిస్టమ్ సరిగ్గా పనిచేస్తున్నంతసేపు అది ఉన్నట్టే తెలియదు. అందువల్ల ఈ విషయానికి పాఠ్యపుస్తకం అవసరం ఎక్కువ, దాన్ని రాయడమూ ఎక్కువ కష్టం. గత యాభై ఏళ్లలో ఎందరో గట్టి ఆచార్యులు ఈ కష్టంతో తలపడ్డారు. వాళ్ల పుస్తకాలను వరుసగా చూస్తే ఒక సంగతి స్పష్టమవుతుంది. ఒక్క మనిషి మొదటి నుంచి చివరిదాకా చదవగలిగినంత చిన్నదీ, నిజంగా నడిచేదీ అయిన ఒక ఆపరేటింగ్ సిస్టమ్‌ను విద్యార్థి చేతిలో పెట్టిన పుస్తకమే అతనికి ఈ విద్య పట్టుబడేలా చేసింది.

1960లలో ఆపరేటింగ్ సిస్టమ్ అనేది ప్రత్యేక పాఠ్యాంశంగా ఇంకా స్థిరపడలేదు. యంత్రం అమ్మిన కంపెనీ ఇచ్చే మాన్యువళ్లే దిక్కు. ఏ బటన్ నొక్కాలో, ఏ కార్డు ఎక్కడ పెట్టాలో వాటిలో ఉండేది. లోపల ఏం జరుగుతోంది, ఎందుకలా జరగాలి అన్న ప్రశ్నలకు జవాబు ఉండేది కాదు. ఆ దశాబ్దంలోనే నెదర్లాండ్స్‌లో కంప్యూటర్ శాస్త్రవేత్త డైక్‌స్ట్రా, మరికొందరు కలిసి ఈ పనికి సూత్రాలు వెలికితీశారు. 1971లో అమెరికాలో పీటర్ డెనింగ్ అధ్యక్షతన ఏర్పడిన బృందం, ఆపరేటింగ్ సిస్టమ్ సూత్రాలను డిగ్రీ స్థాయిలోనే బోధించాలని సిఫారసు చేస్తూ ఒక పాఠ్యప్రణాళికను రూపొందించింది. రెండేళ్లకే, 1973లో, డెన్మార్క్‌కు చెందిన పెర్ బ్రింక్ హాన్సెన్ ‘ఆపరేటింగ్ సిస్టమ్ ప్రిన్సిపుల్స్’ రాశారు. ఈ విషయంపై సమగ్రంగా వచ్చిన తొలి పాఠ్యగ్రంథాల్లో అది ముఖ్యమైనది. ఆయన అప్పటికే ఆర్‌సీ 4000 అనే యంత్రానికి స్వయంగా ఆపరేటింగ్ సిస్టమ్ నిర్మించి ఉన్నారు. కట్టిన చేతులతోనే రాశారు కాబట్టి ఆ పుస్తకంలో ప్రతి సూత్రం వెనకా ఒక కారణం కనిపిస్తుంది. మరుసటి ఏడాది స్టూవర్ట్ మాడ్నిక్, జాన్ డోనొవాన్‌ల పుస్తకం వచ్చింది.

అసలు మలుపు ఆస్ట్రేలియాలో వచ్చింది. అమెరికాలోని బెల్ ల్యాబ్స్‌లో కెన్ థాంప్సన్, డెనిస్ రిచీలు 1969లో యూనిక్స్‌ను మొదలుపెట్టారు. దాని గురించి 1974లో వచ్చిన వ్యాసం చదివి, న్యూ సౌత్ వేల్స్ విశ్వవిద్యాలయం ఆ సిస్టమ్‌ను తెప్పించుకుంది. అక్కడి అధ్యాపకుడు జాన్ లయన్స్ ఒక గొప్ప సాహసం చేశారు. యూనిక్స్ ఆరో ఎడిషన్ కెర్నెల్ (సిస్టమ్ కేంద్ర భాగం) మొత్తం సోర్స్ కోడ్‌ను, పది వేల వరుసలకు లోపే ఉన్నదాన్ని, వరుస సంఖ్యలు వేసి ఒక సంపుటంగా కూర్చారు. రెండో సంపుటంలో ఆ కోడ్‌కు వ్యాఖ్యానం రాశారు. ఇది 1976 నాటి మాట. ఒక చేతిలో మూలం, మరో చేతిలో వ్యాఖ్యానం పెట్టుకుని శ్లోకాన్నీ దాని టీకనూ కలిపి చదివినట్టు విద్యార్థులు ఒక నిజమైన ఆపరేటింగ్ సిస్టమ్‌ను పూర్తిగా చదివారు.

ఆ కోడ్‌లో ఒక చోట, ఒక ప్రాసెస్ (నడుస్తున్న ప్రోగ్రామ్) నుంచి ఇంకో ప్రాసెస్‌కు మారే ఘట్టం దగ్గర, దీన్ని పాఠకుడు అర్థం చేసుకోవాలని ఆశించడం లేదన్న అర్థం వచ్చే వ్యాఖ్యను మూలకర్తలే రాసి పెట్టారు. ఆ వాక్యం ఈ రంగంలో చాలా ప్రసిద్ధం. అక్కడ ఏం జరుగుతోందో తమకే పూర్తిగా అర్థం కాలేదని రిచీ తర్వాతి కాలంలో ఒప్పుకున్నారు. కొత్తగా చదివేవాళ్లు ఇది గుర్తుంచుకోవడం మంచిది. ప్రాసెస్‌ల మార్పిడి మొదటిసారికే అర్థం కాకపోతే అది తెలివి తక్కువై కాదు.

లయన్స్ పుస్తకానికి పట్టిన గతి బాధాకరమైనది. యూనిక్స్ హక్కులున్న ఏటీ అండ్ టీ సంస్థ 1979లో ఏడో ఎడిషన్‌తో పాటు కొత్త లైసెన్సు షరతులు తెచ్చింది. సోర్స్ కోడ్‌ను తరగతి గదిలో పాఠంగా చెప్పడానికి ఆ షరతులు ఒప్పుకోలేదు. దాంతో ఆ పుస్తకం బహిరంగంగా దొరకలేదు. అయినా ఆగలేదు. ఫొటోకాపీ నుంచి ఫొటోకాపీగా, అక్షరాలు అలుక్కుపోయేదాకా, ఖండాలు దాటి తిరిగింది. ఒక తరం సిస్టమ్స్ ప్రోగ్రామర్లు ఆ మసక కాగితాల మీదే చదువుకున్నారు. అధికారికంగా అచ్చయ్యేసరికి 1996 వచ్చింది. రెండేళ్లకు లయన్స్ కన్నుమూశారు. తన జీవితకాలంలోనే ఆ పుస్తకం అచ్చులోకి వచ్చిందన్నది ఒక్కటే ఊరట.

ఆ నిషేధం వల్లే మరో పుస్తకం పుట్టింది. ఆమ్‌స్టర్‌డామ్‌లోని వ్రయె విశ్వవిద్యాలయంలో ఆండ్రూ టానెన్‌బామ్ ఆపరేటింగ్ సిస్టమ్స్ బోధిస్తున్నారు. యూనిక్స్ కోడ్ చూపించే వీలు పోయింది. మిగిలింది ఉత్త సిద్ధాంతం. సిద్ధాంతం మాత్రమే చెబితే విద్యార్థికి అంతా షెడ్యూలింగ్ లెక్కలే అనిపిస్తుందని, నిజమైన సిస్టమ్‌లో షెడ్యూలర్ చాలా చిన్న భాగమని ఆయన అభిప్రాయం. అందుకని బెల్ ల్యాబ్స్ కోడ్ ఒక్క వరుస కూడా వాడకుండా, యూనిక్స్‌లాగే ప్రవర్తించే మినిక్స్ అనే చిన్న సిస్టమ్‌ను సొంతంగా రాశారు. మామూలు ఐబీఎం పీసీ మీద నడిచేది. 1987లో వచ్చిన ‘ఆపరేటింగ్ సిస్టమ్స్: డిజైన్ అండ్ ఇంప్లిమెంటేషన్’ పుస్తకం చివర ఆ కోడ్, సుమారు 12,000 వరుసలు, అచ్చు వేసి ఇచ్చారు. ఇంట్లో కంప్యూటర్ ఉన్న విద్యార్థి ఎవరైనా ఫ్లాపీలు కొనుక్కుని, కోడ్ మార్చి, తిరిగి కంపైల్ చేసి, ఏమవుతుందో చూడవచ్చు. అంతకుముందు ఆ అవకాశం పెద్ద యంత్రాలున్న సంస్థలకే ఉండేది.

అలా చదివిన విద్యార్థుల్లో ఫిన్లాండ్ రాజధాని హెల్సింకీలోని లినస్ టోర్వాల్డ్స్ ఒకరు. 1990 వేసవిలో ఆ పుస్తకం చదివి, మరుసటి ఏడాది పీసీ కొని దానిపై మినిక్స్ పెట్టుకున్నారు. 1991 ఆగస్టులో తాను ఒక కొత్త ఆపరేటింగ్ సిస్టమ్ రాస్తున్నట్టు మినిక్స్ వాడేవాళ్లకు తెలియజేశారు. అదే లినక్స్. 1992 జనవరిలో టానెన్‌బామ్ లినక్స్ నిర్మాణాన్ని బాహాటంగా విమర్శించారు. కెర్నెల్ అంతా ఒకే ముద్దగా ఉండటం పాత పద్ధతి, దాన్ని చిన్న కెర్నెల్‌గా, విడివిడి సేవలుగా విభజించాలి అన్నది ఆయన వాదం. ఆచరణలో లినక్స్ పనిచేస్తోంది అన్నది టోర్వాల్డ్స్ జవాబు. లోకంలో వ్యాపించింది లినక్స్. నేటి ఆండ్రాయిడ్ ఫోన్లన్నిటిలో ఉన్నది లినక్స్ కెర్నెలే. కానీ మినిక్స్ కూడా మాయం కాలేదు. దాని మూడో రూపాన్ని ఇంటెల్ కంపెనీ తన చిప్‌లలోని నిర్వహణ విభాగంలో వాడుతోందని 2017లో బయటపడింది. పాఠం చెప్పడానికి రాసిన సిస్టమ్ అంత విస్తారంగా యంత్రాల్లోకి చేరడం అసాధారణం.

భారతదేశంలో లయన్స్, టానెన్‌బామ్ పుస్తకాల కన్నా ఎక్కువ మంది చదివింది మరొకటి. జేమ్స్ పీటర్సన్, అబ్రహాం సిల్బర్‌షాట్జ్ 1983లో తెచ్చిన ‘ఆపరేటింగ్ సిస్టమ్ కాన్సెప్ట్స్’. తర్వాతి ముద్రణల్లో పీటర్ గాల్విన్, గ్రెగ్ గాన్ చేరారు. అట్ట మీద డైనోసార్ల బొమ్మ ఉండటంతో ప్రపంచమంతా డైనోసార్ పుస్తకం అంటుంది. మన కాలేజీల్లో గాల్విన్ బుక్ అంటేనే తెలుస్తుంది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణల్లోని జేఎన్‌టీయూ సిలబస్‌లలో చాలాకాలంగా దీనికే పెద్ద పీట. 2018లో పదో ముద్రణ వచ్చింది. ప్రాసెస్, థ్రెడ్, షెడ్యూలింగ్, డెడ్‌లాక్, మెమరీ, ఫైల్ సిస్టమ్, భద్రత అన్నిటినీ ఓపికగా, సమతూకంగా వివరిస్తుంది. దగ్గర పెట్టుకుని అవసరమైనప్పుడు తెరిచి చూసుకోవడానికి ఇంతకన్నా మంచి పుస్తకం అరుదు. ఐఐటీ బొంబాయిలో బోధించిన డి.ఎం. ధామ్‌ధెరె పుస్తకాలు కూడా భారతీయ విద్యార్థులకు చిరపరిచితం.

అయితే తొలి పుస్తకంగా గాల్విన్‌ను ఒంటరిగా విద్యార్థి చేతిలో పెడితే చిక్కుంది. దాదాపు వెయ్యి పేజీలు. ప్రతి అధ్యాయంలో పది పద్ధతులు, వాటిని పోల్చే పట్టికలు. ఏది ఈనాటి యంత్రంలో నడుస్తోంది, ఏది చరిత్ర కోసం చెప్పింది అన్నది కొత్తవాళ్లకు తేల్చుకోవడం కష్టం. పరీక్షలు ఈ చిక్కును ఇంకా పెంచాయి. బ్యాంకర్స్ ఆల్గరిథమ్ అందుకు ఉదాహరణ. డెడ్‌లాక్ (ప్రోగ్రాములు ఒకదాని కోసం ఒకటి ఎదురుచూస్తూ నిలిచిపోవడం) రాకుండా ముందే లెక్క వేసే ఈ పద్ధతిని డైక్‌స్ట్రా 1960లలో ఇచ్చారు. ఆలోచన అందమైనది. కానీ ప్రతి ప్రోగ్రామ్ తనకు ఏమేం కావాలో ముందే చెప్పాలన్న నియమం వల్ల విండోస్ గానీ లినక్స్ గానీ తమ వనరుల పంపకానికి దాన్ని ఆధారం చేసుకోలేదు. మన ప్రశ్నపత్రాల్లో మాత్రం అది తప్పనిసరి లెక్క. ఆ లెక్క తప్పు లేకుండా చేసి పూర్తి మార్కులు తెచ్చుకున్న విద్యార్థికి, నిజమైన డెడ్‌లాక్‌లో ఇరుక్కున్న ప్రోగ్రామ్ ఎలా ఉంటుందో ఒక్కసారైనా చూసే అవకాశం చాలా చోట్ల దొరకడం లేదు. పరీక్ష ముందు రాత్రి తిరగేసే ఆల్ ఇన్ వన్ గైడ్లు ఆ కొరతను తీర్చలేవు.

చూడటానికీ చదవడానికీ ఎంత తేడా ఉందో ఒక చిన్న ప్రోగ్రామ్ చాలు చెప్పడానికి. ఒకే లెక్కింపు సంఖ్యను, ఒకే ప్రోగ్రామ్‌లో కలిసి నడిచే రెండు థ్రెడ్‌లు చెరో పది లక్షల సార్లు ఒకటి చొప్పున పెంచాలి. చివరికి 20 లక్షలు రావాలి. ఒకటి వాడుతుండగా మరొకటి తాకకుండా తాళం వేయకుండా నడిపితే సాధారణంగా అంతకన్నా తక్కువ వస్తుంది, నడిపిన ప్రతిసారీ వేరే సంఖ్య వస్తుంది. కారణం ఇది. పెంచడం అనేది మనకు ఒక పనిలా కనిపించినా యంత్రానికి మూడు అడుగులు. మెమరీలోంచి సంఖ్యను తీసుకోవాలి, ఒకటి కలపాలి, తిరిగి అక్కడే రాయాలి. మొదటి థ్రెడ్ 50ని తీసుకుందనుకుందాం. రాసేలోపే దాని వంతు అయిపోతుంది. రెండో థ్రెడ్ వచ్చి అదే 50ని తీసుకుని 51 రాస్తుంది. మొదటిది తిరిగి వచ్చి తన దగ్గరున్న 50కి ఒకటి కలిపి మళ్లీ 51 రాస్తుంది. రెండుసార్లు పెంచితే ఒక్కటే పెరిగింది. రేస్ కండిషన్ అంటే ఇది. సొంత కంప్యూటర్‌లో తప్పు సంఖ్యను చూసిన విద్యార్థి తాళం, సెమాఫోర్ వంటి ఏర్పాట్లు ఎందుకు పుట్టాయో మరచిపోడు. నిర్వచనం బట్టీ పట్టినవాళ్లకు ఆ పట్టు దొరకదు.

ఇవి తరగతి గది చిక్కులే అనుకోవడం పొరపాటు. 1997 జులై 4న అంగారకుడిపై దిగిన పాత్‌ఫైండర్ నౌక కొన్నాళ్లకే తనంతట తాను మళ్లీ మళ్లీ రీసెట్ కావడం మొదలుపెట్టింది. వాతావరణ వివరాలు సేకరించే తక్కువ ప్రాధాన్యం గల పని ఒక తాళాన్ని పట్టుకుని ఉంది. అదే తాళం కోసం ఎక్కువ ప్రాధాన్యం గల ముఖ్యమైన పని ఎదురుచూస్తోంది. మధ్యస్థ ప్రాధాన్యం గల మరో పని వచ్చి, తాళం పట్టుకున్నదాన్ని కదలనివ్వకుండా ప్రాసెసర్‌ను ఆక్రమించింది. ముఖ్యమైన పని గడువులోగా పూర్తి కాకపోవడంతో కాపలా యంత్రాంగం మొత్తం వ్యవస్థను తిరిగి మొదలుపెట్టేది. దీనికి ప్రయారిటీ ఇన్వర్షన్ అని పేరు. ఇంజనీర్లు భూమి మీద ఉన్న నమూనా యంత్రంలో అదే స్థితిని పుట్టించి కారణం పట్టుకున్నారు. తాళం పట్టుకున్న పనికి, దాని కోసం ఎదురుచూస్తున్న పనికున్న ప్రాధాన్యాన్ని తాత్కాలికంగా ఇచ్చే ఏర్పాటు ఆ ఆపరేటింగ్ సిస్టమ్‌లో అప్పటికే ఉంది. దాన్ని ఆన్ చేసే మార్పును అంగారకుడికి పంపారు. నౌక కుదుటపడింది. చాలా పాఠ్యపుస్తకాల్లో రెండు పేరాలకు మించని విషయం ఇది.

ఈ తరం కొత్త విద్యార్థులకు అన్నిటికన్నా అందుబాటులో ఉన్న పుస్తకం ‘ఆపరేటింగ్ సిస్టమ్స్: త్రీ ఈజీ పీసెస్’. అమెరికాలో విస్కాన్సిన్ విశ్వవిద్యాలయం ఆచార్యులు రెమ్జీ, ఆండ్రియా ఆర్పచి-డ్యూసో దంపతులు రాశారు. అధ్యాయాలన్నీ ఉచితంగా దించుకోవచ్చు. విషయమంతా మూడు ప్రశ్నలుగా మారిపోతుంది. ఉన్న ఒక్క యంత్రం ప్రతి ప్రోగ్రామ్‌కూ తనదే అనిపించేలా ఎలా చేయాలి? ఒకేసారి నడిచేవి ఒకదాన్నొకటి పాడుచేయకుండా ఎలా చూడాలి? కరెంటు పోయినా సమాచారం నిలిచేలా ఎలా దాచాలి? పరిచయ అధ్యాయంలోనే ఒక చిన్న ప్రోగ్రామ్‌ను రెండు కాపీలుగా నడిపిస్తారు. రెండూ ఒకే మెమరీ చిరునామాను చూపిస్తాయి. అయినా ఒకటి మార్చిన విలువ రెండోదానికి తాకదు. ఇదెలా సాధ్యం అని విద్యార్థి ఆశ్చర్యపోయిన తర్వాతే వర్చువల్ మెమరీ పాఠం మొదలవుతుంది. ముందు ప్రశ్న, తర్వాత జవాబు. ఈ వరుసే ఆ పుస్తకం బలం. అధ్యాయాలు చిన్నవి, ఒక్కొక్కటి ఒకసారి కూర్చుంటే అయిపోతుంది.

దానికి తోడుగా చదవవలసింది ఎంఐటీ వారి ఎక్స్‌వీ6. లయన్స్ వ్యాఖ్యానంతోనే పాఠం చెబుతూ వచ్చిన అక్కడి ఆచార్యులు, పాత పీడీపీ-11 యంత్రం కోసం రాసిన కోడ్ విద్యార్థులకు దూరమవుతోందని గ్రహించి, 2006లో యూనిక్స్ ఆరో ఎడిషన్‌ను నేటి ప్రాసెసర్‌కు తగ్గట్టు తిరిగి రాశారు. ఫ్రాన్స్ కాషుక్, రాబర్ట్ మోరిస్, రస్ కాక్స్ ఈ పనికి ముఖ్యులు. 2019 నుంచి దాన్ని రిస్క్-ఫైవ్ ప్రాసెసర్‌కు మార్చారు. ఐఐటీ మద్రాస్ రూపొందించిన శక్తి ప్రాసెసర్లు ఉన్నదీ ఈ కుటుంబంలోనే. కోడ్ పది వేల వరుసలకు అటూ ఇటూ, పక్కనే సుమారు వంద పేజీల వివరణ. రెండూ ఉచితం. లినక్స్ కెర్నెల్ ఇప్పుడు మూడు కోట్ల వరుసలు దాటింది. దాన్ని ఎవరూ మొదటి నుంచి చివరిదాకా చదవలేరు. ఎక్స్‌వీ6ను ఒక సెమిస్టర్‌లో చదవవచ్చు. క్యూఈఎంయూ అనే ఉచిత సాధనం ఉంటే మామూలు ల్యాప్‌టాప్‌లోనే నడుస్తుంది, పాడైనా అసలు కంప్యూటర్‌కు ఏమీ కాదు. కొత్త సిస్టమ్ కాల్ ఒకటి చేర్చడం అందులో అలవాటైన తొలి అభ్యాసం. నాలుగైదు ఫైళ్లను తాకితే పని జరుగుతుంది. యూజర్ ప్రోగ్రామ్ పిలిచిన పిలుపు కెర్నెల్ లోపలికి వెళ్లి జవాబుతో తిరిగి రావడం అప్పుడు అడుగడుగునా కనిపిస్తుంది.

త్రీ ఈజీ పీసెస్, ఎక్స్‌వీ6 రెండింటికీ ముందు సీ భాష, అందులోనూ పాయింటర్లు వచ్చి ఉండాలి. ప్రాసెసర్‌లో రిజిస్టర్ అంటే ఏమిటో, స్టాక్ ఎందుకో కాస్త తెలిసి ఉండాలి. ఈ పునాది లేకుండా దిగినవాళ్లు ఆపరేటింగ్ సిస్టమ్ కష్టమని నిరుత్సాహపడతారు. నిజానికి వాళ్లను ఆపుతున్నది సీ భాష. తెలుగు మాధ్యమంలో పన్నెండేళ్లు చదివి ఇంజనీరింగ్‌కు వచ్చిన విద్యార్థికి ఇంగ్లిషు వాక్యాల బరువు కూడా తోడవుతుంది. అలాంటి విద్యార్థికి వెయ్యి పేజీల వర్ణన కన్నా, చిన్న అధ్యాయమూ నడిపి చూసే ప్రోగ్రామూ ఎంతో మేలు. కోడ్‌ను అర్థం చేసుకోవడానికి ఇంగ్లిషు పాండిత్యం అక్కర్లేదు. ఐఐటీ బొంబాయి ఆచార్యురాలు మైథిలి వూటుకూరు ఉపన్యాసాలు, ఎన్‌పీటెల్‌లో ఐఐటీ మద్రాస్ ఆచార్యుడు చెస్టర్ రెబెరో పాఠాలు ఎక్స్‌వీ6ను పట్టుకుని విడమరచి చెబుతాయి. అవీ ఉచితమే.

పాత పుస్తకం కొనేవాళ్లు ఒకటి చూసుకోవాలి. తిరిగే డిస్క్ మీద హెడ్ ఎటు కదలాలన్న లెక్కలకు ఒకప్పుడు చాలా విలువ ఉండేది. కదిలే భాగాలే లేని ఎస్ఎస్‌డీలు వచ్చాక ఆ లెక్కల ప్రాముఖ్యం తగ్గింది. బహుళ కోర్‌ల ప్రాసెసర్లు, వర్చువల్ మెషీన్లు, ఫ్లాష్ నిల్వ గురించి అధ్యాయాలు లేని పుస్తకం తొలి పఠనానికి సరిపోదు. ప్రాసెస్, పేజీ టేబుల్, తాళం, ఫైల్ గురించి 1970లలో రాసిన మాట మాత్రం ఈనాటికీ చెల్లుతుంది.

కాలేజీ అధ్యాపకులు సెమిస్టర్‌లో నాలుగు ల్యాబ్ తరగతులనైనా షెడ్యూలింగ్ లెక్కల నుంచి తప్పించి ఎక్స్‌వీ6కు ఇవ్వాలి. గాల్విన్ పుస్తకం గ్రంథాలయంలో, ఎక్స్‌వీ6 కోడ్ కంప్యూటర్‌లో, త్రీ ఈజీ పీసెస్ అధ్యాయం చేతిలో ఉంటే ఆ తరగతులకు ఇంకేమీ కొనవలసిన పని లేదు.